వివాదంలో ఉన్న రాత గురించి ఎటూ మొగ్గకుండా రాయడం ఎలా?

ఒక రాత మీద గొడవ నడుస్తోంది. ఎవరో రాసిన వ్యాసంలో రెండు పేరాలు తనవని ఇంకొకరు అంటున్నారు. లేదా ఒక ఉత్తరం బయటికొచ్చింది, కింద సంతకం ఉన్న మనిషేమో అది తాను రాసింది కాదంటున్నారు. లేదా ఒక పుస్తకంలోని వాక్యం తమను కించపరిచిందని కొందరు బాధపడుతున్నారు. ఈ సంగతి ఏమాత్రం తెలియని వాళ్ళకి అర్థమయ్యేలా ఇప్పుడు మీరు ఒక పేజీ రాయాలి. అది వార్త కావచ్చు, విచారణ రిపోర్టు కావచ్చు, మీటింగ్ మినిట్స్ కావచ్చు, విజ్ఞాన సర్వస్వంలో వ్యాసం కావచ్చు. చదివినవాళ్ళు మీ మాటలతోనే ఆ గొడవను గుర్తుపెట్టుకుంటారు. అందుకే ఈ పని చేసేటప్పుడు నాకు ఇప్పటికీ కాస్త టెన్షన్‌గానే ఉంటుంది.

ఇతరుల రాతలు దిద్దడం నా రోజువారీ పని. పనిలో చేరిన కొత్తల్లో ఇలాంటి వివాదం ఒకదాన్ని క్లుప్తంగా రాస్తూ "ఆయన తప్పు ఒప్పుకున్నారు" అని రాశాను. అది అచ్చయిన వారానికి ఆయన దగ్గర్నుంచి కవరు వచ్చింది. లోపల ఆయన ఇచ్చిన అసలు వివరణ కాపీ, అందులో ఒక వాక్యం కింద గీత: "ఆ రెండు వాక్యాలు ఒకేలా ఉన్నమాట నిజమే." పక్కన చేత్తో ఇంకొక్క ముక్క రాశారు: "నేను ఒప్పుకున్నది పోలికను, తప్పును కాదు." నాకు ఆయన మీద కోపం గానీ, అవతలివాళ్ళ మీద అభిమానం గానీ ఏమీ లేవు. మనసులో నిజంగానే ఎటూ మొగ్గలేదు. మొగ్గింది నేను వాడిన క్రియ. ఆ కాగితం చాలా ఏళ్ళు నా డెస్కు అరలోనే ఉంది.

అప్పట్నుంచి నేను పాటిస్తున్న వరస ఇది.

ముందు అసలు రాత చదవండి, మొత్తం

వివాదాల్లో ఎక్కువమంది చదివేది అసలు రాతను కాదు, దాంట్లోంచి ఎవరో కత్తిరించి పంపిన ముక్కను. ఆ ముక్క కత్తిరించిన మనిషికి ఒక ఉద్దేశం ఉంటుంది. అది మంచిదే కావచ్చు, కానీ అది మీది కాదు. గొడవకు కారణమైన వాక్యానికి ముందు పేజీ, తర్వాత పేజీ కూడా చదవండి. ఆ వాక్యం రచయిత సొంత మాటా, కథలో పాత్ర అన్నదా, ఖండించడానికి ఎత్తి చూపిన వేరేవాళ్ళ వాదనా అన్నది అక్కడే తెలుస్తుంది. మూడో రకం వాక్యాల మీద ఎన్ని గొడవలు జరుగుతాయో చెప్పలేను. "కొందరు ఇలా అనుకుంటారు, అది తప్పు" అని రాసిన పేరాలోంచి మొదటి సగమే ఊరంతా తిరుగుతుంది.

తర్వాత ఆ రాత ఏ కూర్పో చూసుకోండి. మొదటి ముద్రణా, సవరించిన ముద్రణా? ఆన్‌లైన్ రాతైతే మీరు చూస్తున్నది మార్చకముందుదా, మార్చాకదా? అనువాదమైతే మూల భాషలో ఆ మాట ఏమిటి? ఇవి నోట్ చేసుకోకుండా ఒక్క వాక్యం కూడా మొదలుపెట్టకండి.

ఒక రాతను ఇంకోదాంతో పోల్చి చూస్తున్నప్పుడు, ఆ రెండోదాన్ని కూడా అనుమానించాలి. 1983లో జర్మన్ పత్రిక 'ష్టెర్న్' హిట్లర్ డైరీలు దొరికాయని ప్రకటించింది. అంతకుముందు చేతిరాత నిపుణులు వాటి పేజీలను హిట్లర్ చేతిరాత అని ఇచ్చిన నమూనాలతో పోల్చి, రాత కలిసిందన్నారు. నమూనాలుగా ఇచ్చిన కాగితాల్లో కొన్నిటిని కూడా ఆ డైరీలు తయారుచేసిన కొన్రాడ్ కుయావే రాశాడు. రాత కలవకుండా ఎలా ఉంటుంది! ప్రకటన వచ్చిన రెండు వారాల్లోపే జర్మనీ ఫెడరల్ ఆర్కైవ్స్ అవి నకిలీవని తేల్చింది.

గొడవ దేనిమీదో ఒక్క వాక్యంలో రాయండి

ఇది సులువుగా కనిపిస్తుంది గానీ నాకు ఎక్కువ సమయం పట్టేది ఇక్కడే. ఎవరు రాశారన్న గొడవ వేరు. రాసింది నిజమా అన్న గొడవ వేరు. దాని అర్థం ఏమిటన్నది వేరు, అది అచ్చులో ఉండొచ్చా అన్నది ఇంకా వేరు. చాలాసార్లు ఒక పక్షం ఒకదాని గురించి, రెండో పక్షం ఇంకోదాని గురించి మాట్లాడుతుంటారు. "ఆ వాక్యం మమ్మల్ని అవమానించింది" అని ఒకరంటే, "ఆ వాక్యంలో ఉన్నది నిజం" అని మరొకరంటారు. ఇద్దరి మాటా ఒకేసారి సరైంది కావచ్చు. అది గమనించి చెప్పడమే మీరు పాఠకులకు చేయగలిగే పెద్ద మేలు.

ఆ ఒక్క వాక్యం ఎలా ఉండాలంటే, రెండు పక్షాలూ చదివి "అవును, మా గొడవ దీనిగురించే" అనాలి. "ఆయన ఎందుకు కాపీ కొట్టారు?" అన్నది అలాంటిది కాదు, అందులో తీర్పు ముందే వచ్చేసింది. "ఆ రెండు పేరాలు పాత వ్యాసంలోంచి తీసుకున్నవేనా?" అన్నది సరిపోతుంది.

కాగితాన్ని మూడుగా గీయండి

మొదటి వరుసలో రాతలో ఉన్నది, ఉన్నది ఉన్నట్టు. రెండో వరుసలో దాని గురించి ఎవరు ఏమన్నారు, ఎప్పుడన్నారు. మూడో వరుసలో తేలిన విషయాలు: ఇద్దరూ కాదనని సంగతులు, పరీక్షల్లో రుజువైనవి, నిర్ణయించే అధికారం ఉన్నవాళ్ళు చెప్పినవి. మీ దగ్గరున్న ప్రతి సంగతినీ ఈ మూడింటిలో ఒకదాంట్లో వెయ్యండి. ఎక్కడా ఇమడనిది ఏదైనా మిగిలిందంటే అది బహుశా మీ అభిప్రాయం. దాన్ని పక్కన పెట్టండి.

ఇక రాయడం మొదలుపెట్టాక ఒక వరుసలోని సంగతి ఇంకో వరుసలోకి జారకుండా చూసుకోవాలి. రెండో వరుసలోది మూడో దాంట్లోకి జారిపోవడమే మామూలుగా జరిగే పొరపాటు. మొదటి పేరాలో "ఆరోపించారు" అని రాసినవాళ్ళే నాలుగో పేరాకి వచ్చేసరికి "కాపీ చేసిన ఆ పేరాలు" అని రాసేస్తారు. మధ్యలో కొత్తగా తేలిందేమీ ఉండదు, రాసేవాళ్ళకి ఆ మాట అలవాటైపోయిందంతే.

క్రియల దగ్గర ఆగండి

తెలుగులో "అన్నారు", "చెప్పారు", "రాశారు", "పేర్కొన్నారు" అనే మాటల్లో రాసేవాళ్ళ రంగు ఉండదు. మిగతావి దాదాపు అన్నీ ఏదో ఒకటి మోస్తాయి. "వెల్లడించారు", "బయటపెట్టారు" అంటే చెప్పింది నిజమని మీరు ఒప్పేసుకున్నట్టు. "ఒప్పుకున్నారు" అంటే తప్పు జరిగిందన్నట్టు. "బుకాయించారు" అంటే అబద్ధమన్నట్టు. "ఆరోపించారు" అన్నది నిజంగా నింద మోపినప్పుడు సరైన మాటే. ఊరికే సందేహం అడిగినవాళ్ళకి దాన్ని తగిలిస్తే వాళ్ళని గొడవకోరుల్ని చేసినట్టవుతుంది.

మన భాషలో ఇంకో చిక్కుంది, దాన్ని ఎక్కువమంది పట్టించుకోరు. క్రియకు "కొను" చేరగానే రుచి మారిపోతుంది. "తన రాతను సమర్థించారు" అంటే కారణాలు చెప్పారని. "తన రాతను సమర్థించుకున్నారు" అంటే కారణాలు లేకపోయినా వెనకేసుకొచ్చారన్న వాసన వస్తుంది. "చెప్పారు" పక్కన "చెప్పుకొచ్చారు" పెట్టి చూడండి, రెండోదాంట్లో పెదవి విరుపు వినిపిస్తుంది. ఒక పక్షానికి "చెప్పారు", రెండో పక్షానికి "చెప్పుకొచ్చారు" అని రాశామంటే తీర్పు ఇచ్చేసినట్టే.

ఒక్క క్రియ ఇంత పని చేస్తుందా అని అనుమానం రావచ్చు. 1974లో ఎలిజబెత్ లాఫ్టస్, జాన్ పామర్ అనే మనస్తత్వ శాస్త్రవేత్తలు దీన్ని పరీక్షించారు. కొందరికి కారు ప్రమాదాల ఫిల్ములు చూపించి, కార్లు ఎంత వేగంతో ఉన్నాయని అడిగారు. ప్రశ్నలో ఒక్క క్రియ మార్చారు, అంతే. కార్లు "తాకినప్పుడు" అని అడిగితే జవాబుల సగటు గంటకు 32 మైళ్ళ దగ్గర ఉంది. "గుద్దుకుని నుజ్జయినప్పుడు" అన్న ధోరణిలో అడిగితే 40 దాటింది. ఇంకో ప్రయోగంలో వారం తర్వాత పిలిచి, పగిలిన అద్దం చూశారా అని అడిగారు. ఫిల్ములో పగిలిన అద్దమే లేదు. బలమైన క్రియ విన్న 50 మందిలో 16 మంది చూశామన్నారు. మామూలుగా "ఢీకొన్నప్పుడు" అని విన్న 50 మందిలో అలా అన్నవాళ్ళు 7గురే. అంటే వీళ్ళు కళ్ళారా చూసినదాన్నే క్రియ మార్చింది. మీ పాఠకులైతే అసలు రాతను చూడనే లేదు, వాళ్ళకి మీ క్రియే ఆధారం.

చిన్న అక్షరాలు, మర్యాదలు

"-ట" సంగతి చూడండి. "పుస్తకం పోయిందట" అంటే విన్నమాట అని అర్థం, కానీ అచ్చులో అది నమ్మలేనట్టు ధ్వనిస్తుంది. "ఏకంగా", "మాత్రం", "సైతం", "కనీసం", "ఎట్టకేలకు", "మరి" లాంటి మాటలు కూడా అంతే. "ఆయన మాత్రం కాదన్నారు" అన్న వాక్యంలోంచి "మాత్రం" తీసేసి చదవండి. సమాచారం ఏమీ తగ్గలేదు, చిరాకు పోయింది.

"కానీ" తర్వాత వచ్చేదే గెలుస్తుంది. "ఆమె ఆధారాలు చూపించారు, కానీ ఆయన కాదన్నారు", "ఆయన కాదన్నారు, కానీ ఆమె ఆధారాలు చూపించారు". రెండింట్లోనూ సంగతి ఒకటే, చదివాక మిగిలేది వేరు. నేనైతే ఇలాంటిచోట "కానీ" తీసేసి రెండు విడి వాక్యాలుగా రాస్తాను.

మర్యాద వాచకాల గురించి ప్రత్యేకంగా చెప్పాలి. ఒకరిని "ఆయన", "అన్నారు" అని, ఇంకొకరిని "అతను", "అన్నాడు" అని రాస్తే పాఠకుడు ఎవరివైపు ఉండాలో మొదటి వాక్యంలోనే చెప్పేసినట్టు. పేరున్న రచయితకు గౌరవం, కొత్తగా రాస్తున్న కుర్రాడికి ఏకవచనం, ఇది మన చేతికి తెలియకుండానే వచ్చేస్తుంది. ఇద్దరికీ ఒకటే మర్యాద ఇవ్వండి. "ప్రముఖ", "సీనియర్" లాంటి బిరుదులు వివాదానికి అవసరమైతే ఉంచండి, లేకపోతే ఇద్దరికీ తీసేయండి.

విశేషణం వచ్చినచోట లెక్క పెట్టండి

"చాలావరకు కాపీ", "తీవ్రమైన అభ్యంతరం", "దారుణమైన భాష" అని చెయ్యి రాయబోతున్నప్పుడు ఆగి, దీన్ని చూపించగలనా అని అడగండి. వాక్యాలు లెక్కపెట్టొచ్చు. అభ్యంతరం చెప్పిన మాటను యథాతథంగా ఇవ్వొచ్చు. ఒక కల్పిత ఉదాహరణ తీసుకుని మొత్తం దిద్ది చూద్దాం. మొదటి చిత్తు ఇలా ఉందనుకోండి:

"ప్రముఖ రచయిత్రి వ్యాసాన్ని ఏకంగా కాపీ కొట్టి ఓ రచయిత అడ్డంగా దొరికిపోయాడు. తన పేరాలను మక్కీకి మక్కీ దించేశాడని ఆమె ఆధారాలతో సహా బయటపెట్టారు. అతను మాత్రం ఇద్దరం ఒకే పాత పుస్తకం చూసి రాశామని చెప్పుకొచ్చాడు. ఆ పుస్తకం ఏదో మరి చెప్పలేదట."

ఇందులో అబద్ధం ఒక్కటి కూడా లేకపోవచ్చు. అయినా చదివాక మనకు తెలిసిన సంగతులు చాలా తక్కువ, కలిగిన కోపం మాత్రం ఎక్కువ. మూడు వరుసల కాగితం ముందు పెట్టుకుని, రెండు వ్యాసాలూ పక్కపక్కన పెట్టి లెక్కపెట్టాక ఇలా అవుతుంది:

"తన పాత వ్యాసంలోని రెండు పేరాలను ఒక రచయిత గత నెల అచ్చయిన తన వ్యాసంలో వాడుకున్నారని ఒక రచయిత్రి ఆరోపించారు. కొత్త వ్యాసంలోని ఆ రెండు పేరాల్లో 14 వాక్యాలున్నాయి. వాటిలో 6 పాత వ్యాసంలో ఉన్నవే, ఒక్క పదం కూడా మారలేదు. 3 వాక్యాల్లో ఒకటి రెండు మాటలు మారాయి. మిగతా 5 వేరు. ఇద్దరూ ఒకే పాత పుస్తకం నుంచి సమాచారం తీసుకున్నందువల్ల పోలికలు వచ్చాయని రచయిత అన్నారు. ఆ పుస్తకం పేరు అడిగినప్పుడు ఆయన చెప్పలేదు. ప్రచురణకర్త ఈ విషయంలో ఇంకా నిర్ణయం తీసుకోలేదు."

ఇక్కడ నిజం పలచబడిందా? లేదు. "మక్కీకి మక్కీ" అన్న తిట్టు కన్నా "6 వాక్యాల్లో ఒక్క పదం కూడా మారలేదు" అన్నది ఎక్కువ బరువైన మాట. నింద నిజంగానే నింద కాబట్టి "ఆరోపించారు" అలాగే ఉంది. పుస్తకం పేరు చెప్పలేదన్న సంగతి కూడా ఉంచాను, అది పాఠకులకు కావలసిన విషయం. "మరి", "అట" పోయాయి. ఆయనకు అనుకూలమైన 5 వాక్యాల లెక్క మొదటి చిత్తులో లేనే లేదు, ఇప్పుడు వచ్చింది.

ఎత్తి రాసేటప్పుడు

గొడవకు కారణమైన వాక్యాన్ని పూర్తిగా ఇవ్వండి. మధ్యలో చుక్కలు పెట్టి వదిలేసిన భాగం అర్థాన్ని మార్చకూడదు. అనుమానముంటే వదలొద్దు, చోటు ఎక్కువైనా ఫర్వాలేదు. కొటేషన్ గుర్తులు ఎత్తి రాసిన మాటలకే వాడండి. ఆయన ఇచ్చిన 'వివరణ' అని ఒంటి మాటకు గుర్తులు తగిలిస్తే అది వెక్కిరింత. అనువాదం చేసి ఇస్తుంటే అది మీ అనువాదమని చెప్పండి. వివాదం ఒకే ఒక్క మాట మీదైతే మూల భాషలోని ఆ మాటను తెలుగు లిపిలో అలాగే ఇచ్చి, దానికున్న అర్థాలన్నీ పక్కన పెట్టండి.

"కొందరు అంటున్నారు", "విమర్శలు వెల్లువెత్తాయి" అన్నచోట ఎవరు అన్నది రాయండి. ఇద్దరైతే ఇద్దరని రాయండి. "వివాదాస్పద వ్యాసం" అన్నది కూడా నాకు నచ్చని మాట. ఎవరు, దేన్ని కాదంటున్నారో చెప్పకుండా రాత మీద మచ్చ వేసి వెళ్ళిపోతుంది.

రెండు వైపులా సమానంగా రాయాలా?

అక్కర్లేదు, కొన్నిసార్లు అలా రాయడమే తప్పు. వికీపీడియా 2001లో మొదలైనప్పట్నుంచీ దాని మూల నియమాల్లో ఒకటిగా ఉన్నదాన్ని తెలుగు వికీలో తటస్థ దృక్కోణం అంటారు. అందులోనూ ప్రతి వాదానికీ సమానమైన చోటివ్వమని లేదు. నమ్మదగిన మూలాల్లో ఏ వాదానికి ఎంత ప్రాధాన్యం ఉందో దానికి తగినంతే ఇవ్వమంటుంది.

విన్లాండ్ మ్యాప్ కథ చూస్తే ఇది బాగా తెలుస్తుంది. కొలంబస్ కన్నా ముందే యూరప్ వాళ్ళకు ఉత్తర అమెరికా తెలుసని చూపించే 15వ శతాబ్దపు పటం అంటూ అమెరికాలోని యేల్ విశ్వవిద్యాలయం 1965లో దాన్ని ప్రకటించింది. అనుమానాలు వెంటనే మొదలయ్యాయి. 1970ల్లో సిరాను పరీక్షిస్తే ఆధునిక కాలానికి చెందిన టైటేనియం రంగు పదార్థం కనిపించింది. దాని మీద మళ్ళీ ఏళ్ళ తరబడి వాదనలు జరిగాయి. ఆ రోజుల్లో రాసేవాళ్ళు "దీని ప్రామాణికత మీద పండితుల్లో భేదాభిప్రాయాలున్నాయి" అని రాసి, ఇద్దరి వాదనలూ ఇవ్వడమే న్యాయం. 2021లో మొత్తం పటాన్ని పరీక్షించి, టైటేనియం ఉన్న సిరా అంతటా ఉందని, పటం నకిలీదని యేల్ వాళ్ళే చెప్పారు. అలాంటి సిరా 1920ల్లో గానీ వాడుకలోకి రాలేదు. ఇప్పుడు కూడా "భేదాభిప్రాయాలున్నాయి" అని రాసి చేతులు దులుపుకుంటే పాఠకుణ్ణి తప్పుదారి పట్టించినట్టే. "నకిలీ" అని రాయాలి. అయితే ఆ తోలు కాగితం మాత్రం నిజంగానే 15వ శతాబ్దానిది, గీసిన గీతలే తర్వాతవి. "అంతా నకిలీ" అనకుండా ఏది పాతది, ఏది కొత్తది అని విడదీసి చెప్పాలి.

కాబట్టి మూడో వరుసలోకి వచ్చిన సంగతిని సూటిగా చెప్పండి. తేలిన విషయానికి కూడా "అని అంటున్నారు" తగిలించడం జాగ్రత్తలా కనిపిస్తుంది గానీ, అది ఓడిపోయిన వాదానికి ఊపిరి పోయడమే.

రాశాక పరీక్ష

పేర్లు అటూ ఇటూ మార్చి చదవండి. ఆమె పేరున్నచోట ఆయన పేరు, ఆయన పేరున్నచోట ఆమె పేరు. ఏ వాక్యం దగ్గర మీకు ఇబ్బందిగా అనిపించిందో అక్కడ మొగ్గు ఉన్నట్టు. ఆ తర్వాత పైకి చదవండి, గొంతులో వ్యంగ్యం పలికిన మాటను కొట్టేయండి. వీలైతే ఒక రాత్రి ఆగండి. నాకైతే పొద్దున్నే కనీసం రెండు క్రియలు దొరుకుతాయి.

ఇంకా వీలైతే ఇరుపక్షాలకూ వాళ్ళ వాదన రాసిన భాగం వరకు పంపి, "మీరన్నది ఇదేనా?" అని అడగండి. "బాగుందా?" అని అడగొద్దు, బాగుండాల్సిన అవసరం వాళ్ళకి లేదు. వాళ్ళు దిద్దితే వాళ్ళ మాట వరకే దిద్దనివ్వండి. శీర్షిక కూడా ఇదే జల్లెడలో వెయ్యండి. లోపల ఎంత జాగ్రత్తగా రాసినా పైన "కాపీ బాగోతం" అని పెడితే చదివేది అదే.

ఆ వివాదంలో మీకు స్నేహమో, పాత పగో, డబ్బు లావాదేవీయో ఉంటే ఇంకొకరికి అప్పగించండి. కుదరకపోతే ఆ సంబంధం ఏమిటో పైనే రాసేయండి.

చివర్లో మీరు రాసిన తేదీ వెయ్యండి, ఏ కూర్పు చూసి రాశారో చెప్పండి. నిర్ణయం వెలువడ్డాక మళ్ళీ ఆ పేజీ తెరిచి, "ఇంకా నిర్ణయం తీసుకోలేదు" అన్న వాక్యం తీసి ఏం తేలిందో రాయండి. ఆరోపణ రాసిన చోటే, అంత పెద్ద అక్షరాల్లోనే.